ఉత్తుత్తి జూదం, గట్టి పాఠం

వీడియో గేముల్లోని కేసినోలను కొల్లగొట్టే కిటుకులు బోలెడు. అసలు డబ్బు దగ్గరికి వచ్చేసరికి వాటిలో చాలావరకు అక్కరకు రావు. ఎందుకు రావో ఖిదిర్‌పూర్ పరిసరాలే చెబుతాయి.

కోల్‌కతా రేవును ఆనుకుని ఉన్న ఖిదిర్‌పూర్‌లో ఫ్యాన్సీ మార్కెట్ అంటే ఒకప్పుడు విదేశీ సరుకుకు మారుపేరు. ఆర్థిక సంస్కరణలకు ముందు రోజుల్లో సెంటు సీసాలు, వాచీలు, టేప్‌రికార్డర్లు కావాలనుకున్న వాళ్లు ఇక్కడి ఇరుకు దుకాణాల దారి పట్టేవారు. తర్వాత టీవీకి తగిలించుకునే వీడియో గేములు, వాటి క్యాసెట్లు వచ్చాయి. ఆపైన కాపీ సీడీల కాలం. ఆ సీడీల్లో కార్ల రేసులు, కుస్తీలు, కాల్పులతోపాటు మరొకటి కూడా చడీచప్పుడు లేకుండా పిల్లల చేతికి అందింది. అదే కేసినో.

ఖిదిర్‌పూర్ నుంచి ఆదిగంగ కాలువ దాటితే 1847లో ఏర్పడిన రాయల్ కలకత్తా టర్ఫ్ క్లబ్ రేస్‌కోర్సు. పడమటి వైపు నడిస్తే గార్డెన్ రీచ్. తెలుగువాళ్లకు కొత్త పేరేమీ కాదది. ఒకనాటి బెంగాల్ నాగపూర్ రైల్వే, ఆ తర్వాత ఆగ్నేయ రైల్వే ప్రధాన కార్యాలయం అక్కడే. వాల్తేరు డివిజన్ 2003 దాకా దాని అజమాయిషీలోనే ఉండేది. అదే గార్డెన్ రీచ్ 2022 సెప్టెంబరులో ఓ మొబైల్ గేమ్ యాప్ పుణ్యమా అని దేశమంతటా వార్తల్లోకెక్కింది. కూతవేటు దూరాల్లో మూడు రకాల జూదాలు: బొమ్మ డబ్బుది ఒకటి, చట్టం ఒప్పుకున్నది ఒకటి, నిలువునా ముంచేది ఒకటి. మొదటిదాంట్లో ఆరితేరినవాడు మూడోదాంట్లో ఎందుకు చతికిలబడతాడన్నదే అసలు ప్రశ్న.

బొమ్మ జూదంలో గెలవడం ఎలా?

మొదటి కిటుకు అందరికీ తెలిసిందే. పందెం కాసే ముందు ఆటను సేవ్ చేయాలి. గెలిస్తే మళ్లీ సేవ్ చేయాలి. ఓడితే పాత సేవ్‌ను తెరిస్తే సరి, పోయిన సొమ్ము తిరిగి జేబులోనే. 2004లో వచ్చిన 'గ్రాండ్ థెఫ్ట్ ఆటో: శాన్ ఆండ్రియాస్'లో లాస్ వెంచురాస్ నగరపు కేసినోలను కుర్రకారు దోచుకున్నది ఈ పద్ధతిలోనే. ఉన్నదంతా ఒకే పందెంలో పెట్టడం, తగిలేదాకా వెనక్కి వెళ్లి రావడం. ఇందులో నైపుణ్యం సున్నా, ఓపికే పెట్టుబడి.

ఆటలు తయారుచేసే వాళ్లు ఈ సంగతి గమనించకపోలేదు. 2010 నాటి 'ఫాలౌట్: న్యూ వేగస్'లో సేవ్ తెరిచిన వెంటనే పందెం కాయడం కుదరదు, కాసేపు ఆగాల్సిందే. అక్కడ నిజంగా పనిచేసే ఉపాయం వేరే ఉంది. ఆట మొదట్లో మన పాత్రకు గుణాలు పంచేటప్పుడు 'అదృష్టం' అంకెను బాగా పెంచుకుంటే బ్లాక్‌జాక్‌లో ముక్కలు మనకు అనుకూలంగా పడతాయి. అయితే గెలుపు ఓ మోతాదు మించగానే కేసినో వాళ్లు మర్యాదగా బహుమతులిచ్చి, చివరికి ఇక మీకు ఆట లేదు పొమ్మంటారు. ఈ ఒక్క విషయంలో మాత్రం ఆ ఆట నిజ జీవితానికి బాగా దగ్గరగా ఉంటుంది.

రెండో కిటుకు, లోపాన్ని పట్టుకోవడం. 1990లో జపాన్‌లో విడుదలైన 'డ్రాగన్ క్వెస్ట్ 4' ఇందుకు మచ్చుతునక. అందులోని కేసినోలో ఒక్కో టోకెన్ ధర 20 బంగారు నాణేలు. ఎవరైనా ఒకేసారి 8,38,861 టోకెన్లు అడిగితే బిల్లు 1,67,77,220 నాణేలవ్వాలి. కానీ ఆ లెక్క కోసం కేటాయించిన 24 బిట్ల చోటులో 1,67,77,215 దాటి అంకె పట్టదు. స్కూటర్ మీటరు తొమ్మిదులన్నీ అయ్యాక సున్నాకు తిరిగినట్టు లెక్క మళ్లీ మొదటికొస్తుంది. మిగిలేది 4. అంటే నాలుగు నాణేలకు ఎనిమిది లక్షల పైచిలుకు టోకెన్లు! కూడికలో పొరపాటు మీద కట్టిన ఈ రాజమార్గం జపాన్ పిల్లలకు కంఠతా వచ్చేసింది.

చక్రం జారుతుంది

మూడో రకం ఆటలు కాస్త గడుసువి. 1996 నాటి తొలి 'పోకెమాన్'లో సెలడాన్ నగరంలో ఓ గేమ్ కార్నర్ ఉంటుంది. నిండా స్లాట్ మెషీన్లు. మూడు చక్రాలను ఆపే బటన్ మన చేతిలోనే ఉంటుంది కాబట్టి చూపు, చేతివేగం ఉంటే చాలనిపిస్తుంది. నిజానికి ఆ విడతలో గెలవనివ్వాలా వద్దా అన్నది యంత్రం ముందే తేల్చుకుంటుంది. వద్దనుకుంటే మనం సరిగ్గా నొక్కినా చక్రం ఓ మెట్టు జారి ఆగుతుంది. జపాన్ వీధుల్లోని అసలు యంత్రాల నుంచి ఎరువు తెచ్చుకున్న ఎత్తు ఇది. ఇక్కడ పనికొచ్చే సలహా ఒక్కటే. లోపల అడుగుపెట్టిన ప్రతిసారీ ఏదో ఒక యంత్రాన్ని ఆట 'కలిసొచ్చేది'గా ఎంచుతుంది. కాబట్టి ఒకేచోట అతుక్కుపోకుండా కొన్ని చిన్న పందేలతో యంత్రాలను పరీక్షించి, ఇచ్చేదాన్ని పట్టుకోవాలి. విశేషమేమిటంటే ఆ గేమ్ కార్నర్ గోడమీది పోస్టరు వెనక మీట నొక్కితే దొంగల ముఠా స్థావరం బయటపడుతుంది. పిల్లల ఆటే అయినా జూదశాల ఎవరి చేతిలో ఉంటుందన్న విషయంలో దాపరికం లేదు.

యూరప్‌లో జూదం చూపే ఆటలకు వయోపరిమితి నిబంధనలు బిగుసుకోవడంతో ఆ కంపెనీ దారి మార్చుకుంది. 2010లో జపాన్ వెలుపల విడుదలైన 'హార్ట్‌గోల్డ్', 'సోల్‌సిల్వర్' ఆటల్లో స్లాట్ యంత్రాలు మాయమై 'వోల్టార్బ్ ఫ్లిప్' అనే పలకల ఆట వచ్చింది. అయిదు అడ్డవరసలు, అయిదు నిలువువరసలు, 25 పలకలు. ప్రతి వరస పక్కన రెండంకెలు: ఆ వరసలోని మొత్తం పాయింట్లు, దాగిన బాంబులు. బాంబు లేని వరసను కళ్లు మూసుకుని తిప్పేయొచ్చు. రెండంకెలూ కలిపితే సరిగ్గా 5 వస్తే ఆ వరసలో బాంబులు, ఒకట్లు తప్ప ఇంకేమీ లేనట్టే, దాని జోలికి పోనక్కర్లేదు. మిగిలిన చోట్ల అడ్డం, నిలువు పోల్చి బాంబు ఎక్కడుండే అవకాశం తక్కువో ఊహించాలి. ఇది జూదం కన్నా గళ్లనుడికట్టుకు దగ్గర. పైగా ఇందులో టోకెన్లను డబ్బుతో కొనడం కుదరదు, ఆడి సంపాదించుకోవాల్సిందే.

లెక్క తప్పని ఆట

మరి బయట కూడా పనిచేసే కిటుకులు బొత్తిగా లేవా అంటే, ఉన్నాయి. బ్లాక్‌జాక్‌లో డీలరు చూపిన ముక్క 7 లేదా అంతకన్నా పెద్దదైతే మన మొత్తం 17 చేరేదాకా ముక్క అడగాలి. డీలరుది 4, 5, 6 అయితే 12 దగ్గరే ఆగిపోవాలి. ఆసుల జత, ఎనిమిదుల జత వస్తే విడదీయాలి, పదుల జతను ముట్టుకోకూడదు. ఇలాంటి సూత్రాలను తు.చ. తప్పక పాటిస్తే కేసినోకు మిగిలే మొగ్గు నూటికి అర రూపాయి దరిదాపులకు పడిపోతుంది. అమెరికా గణితవేత్త ఎడ్వర్డ్ థార్ప్ మరో అడుగు ముందుకేసి, పడిపోయిన ముక్కలను లెక్కపెట్టుకుంటే ఆటగాడికే మొగ్గు వస్తుందని 1962లో 'బీట్ ది డీలర్' పుస్తకంలో చూపారు. కానీ వీడియో గేముల్లో చాలావాటిలో ప్రతి ఆటకూ పేక కొత్తగా కలుస్తుంది. జ్ఞాపకం లేని పేకలో ముక్కలు లెక్కపెట్టి లాభం లేదు.

ఎక్కువమంది నమ్మే ఉపాయం మాత్రం రెట్టింపు పందెం. రూలెట్‌లో ఎరుపు మీద 100 రూపాయలు కాస్తారు. పోతే 200, అదీ పోతే 400. ఎప్పుడో ఒకప్పుడు ఎరుపు పడక తప్పదు, పడినప్పుడు 100 లాభం. వినడానికి పకడ్బందీగానే ఉంటుంది. అయితే యూరప్ పద్ధతి రూలెట్‌లో గళ్లు 37, ఎరుపువి 18 మాత్రమే. వరసగా పదిసార్లు ఎరుపు పడకపోవడం దాదాపు 784 ప్రయత్నాల్లో ఒకసారి జరుగుతుంది. అప్పటికి పోయిన మొత్తం 1,02,300 రూపాయలు. మిగతా 783 సార్లలో కూడబెట్టింది 78,300. అంటే రోజూ పిడికెడు గింజలు కూడబెట్టి, ఓ రోజు గాదె మొత్తం పందికొక్కుకు అప్పగించడం లాంటిదన్నమాట. ఇన్నిసార్లు నలుపు పడింది, ఇప్పుడు ఎరుపు వంతు అనుకోవడం కూడా భ్రమే. 1913 ఆగస్టులో మాంటీ కార్లో కేసినోలో నలుపు వరసగా 26 సార్లు పడింది. ఎరుపు వంతు వచ్చిందని నమ్మినవాళ్లు గుల్లయిపోయారు.

బొమ్మ కేసినోలో ఈ రెట్టింపు పద్ధతి నిక్షేపంలా పనిచేస్తుంది. ఆ 784వ ప్రయత్నం ఎదురైనప్పుడు పాత సేవ్ తెరిస్తే చాలు. అసలు ప్రమాదమూ అక్కడే ఉంది. సేవ్ పద్ధతి పోయిన సొమ్మునే కాదు, పోయిన జ్ఞాపకాన్నీ తుడిచేస్తుంది. తెరమీద మిగిలేది గెలుపుల చరిత్ర ఒక్కటే. పదేళ్లు అలా ఆడినవాడికి తన పద్ధతి తిరుగులేనిదన్న నమ్మకం కుదిరితే ఆశ్చర్యం లేదు.

ఎర వేసిన గెలుపు

గార్డెన్ రీచ్ వ్యవహారం ఈ నమ్మకాన్నే సొమ్ము చేసుకుంది. 'ఈ-నగెట్స్' అనే మొబైల్ గేమ్ యాప్ మీద బ్యాంకు ఫిర్యాదుతో కోల్‌కతాలోని పార్క్ స్ట్రీట్ పోలీసు స్టేషన్‌లో 2021 ఫిబ్రవరిలో కేసు నమోదైంది. 2022 సెప్టెంబరు 10న ఎన్‌ఫోర్స్‌మెంట్ డైరెక్టరేట్ అధికారులు నగరంలో సోదాలు జరిపి, గార్డెన్ రీచ్‌లోని ఓ ఇంట్లో 17 కోట్ల రూపాయలకు పైగా నగదు పట్టుకున్నారు. నోట్లు లెక్కించడానికి యంత్రాలు తెప్పించాల్సి వచ్చింది. ఈడీ చెప్పిన ప్రకారం యాప్ పనితీరు ఇది: మొదట్లో ఆడినవాళ్లకు కమిషన్లు దండిగా ముట్టాయి, ఖాతాలోని డబ్బు ఏ అడ్డూ లేకుండా చేతికొచ్చేది. నమ్మకం కుదిరాక జనం పెద్ద మొత్తాలు పెట్టారు. ఆ తర్వాత ఓ రోజు ఏవేవో సాకులతో చెల్లింపులు ఆగిపోయాయి. కొద్దికాలానికి ఖాతాల వివరాలతో సహా సమాచారమంతా సర్వర్ల నుంచి మాయమైంది.

ఇక్కడా సేవ్ బటన్ ఉంది, కాకపోతే అది ఆటగాడి చేతిలో లేదు. ఓటమిని చెరిపేసే అధికారం, లెక్క తప్పితే లాభపడే వీలు, ఏ విడతలో ఎవరు గెలవాలో నిర్ణయించే తాళంచెవి, అన్నీ నడిపేవాడి దగ్గరే. సెలడాన్ స్లాట్ యంత్రం చక్రాన్ని ఓ మెట్టు జారిస్తే, ఈ యాప్ మొత్తం చక్రాన్నే ఎత్తుకుపోయింది.

దీనితో పోలిస్తే కాలువ అవతలి రేస్‌కోర్సు పద్ధతి తేటతెల్లం. టోట్‌లో కాసినవాళ్ల సొమ్మంతా ఒకచోట చేరుతుంది, కోత పోగా మిగిలింది గెలిచినవాళ్లు పంచుకుంటారు. గుర్రం పుట్టుక, ఫామ్, జాకీ, నేల తీరు చదవగలిగినవాడికి ఎంతో కొంత మొగ్గు ఉంటుంది. గుర్రప్పందేలు ప్రధానంగా నైపుణ్యంతో కూడినవని సుప్రీంకోర్టు 1996లో తేల్చింది ఇందుకే. అంతకుముందు 1968లో సికింద్రాబాద్ క్లబ్బు కేసులో రమ్మీకీ అదే మాట చెప్పింది. ఆన్‌లైన్ రమ్మీ కంపెనీలు ఏళ్లతరబడి ఆ తీర్పు గొడుగు కిందే తలదాచుకున్నాయి. అప్పులపాలైన కుటుంబాల గోడు విన్న తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో చట్టాలు సవరించి వాటికి తలుపులు మూశాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం నైపుణ్యమా, అదృష్టమా అన్న మీమాంసనే పక్కనపెట్టి, డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ నిషేధించింది. నడిపేవారికి మూడేళ్ల దాకా జైలు, కోటి రూపాయల దాకా జరిమానా.

జూదంపై చట్టాలు కలకత్తాకు కొత్త కాదు. వాన పడుతుందా పడదా అని ఇక్కడ జోరుగా సాగిన పందేలను ఆపడానికి 1897లోనే బెంగాల్ ప్రభుత్వం ప్రత్యేక చట్టం తెచ్చింది. వాన పందెం పోయింది గానీ పందెం పోలేదు. చట్టం ఒక తలుపు మూస్తే జూదం కిటికీ వెతుక్కుంటుంది. ఇప్పుడా కిటికీ ప్రతి ఇంట్లో, పిల్లల అరచేతిలోనే ఉంది.

అలాగని బొమ్మ కేసినోలను తిట్టిపోయనక్కర్లేదు. పైసా ఖర్చు లేకుండా సంభావ్యత నేర్పే బడి అంతకన్నా చవకగా దొరకదు, ఒక్క షరతు మీద. ఓడినప్పుడు వెనక్కి వెళ్లకుండా ఆడాలి. ఓ వంద పందేలు సేవ్ తెరవకుండా కాసి, వచ్చిందీ పోయిందీ కాగితం మీద రాసుకుంటే లెక్క ఎటు తూగుతుందో పదేళ్ల పిల్లవాడికైనా అర్థమవుతుంది. ఆ కాగితం చేతిలో ఉన్నవాడికి, మొదటి వారంలోనే లాభాలు కురిపించే యాప్ ఎదురైతే సంతోషం కన్నా ముందు అనుమానం వస్తుంది. ఈ ఆటలన్నిటిలో నేర్చుకోదగ్గ కిటుకు అదే.