బాణీ కట్టినవారు

మొన్నొక సాయంకాలం నలుగురు విద్యార్థులు నాతోపాటు ఆదోని కోటకొండ ఎక్కారు. ఒకప్పుడిది విజయనగర ప్రభువుల కోట. రాయలవారి మాట రాగానే ఒక కుర్రవాడు ‘మల్లీశ్వరి’ పాట ఎత్తుకున్నాడు.

“ఎవరిదోయ్ ఆ పాట?” అన్నాను.

“భానుమతిగారిది” అన్నాడొకడు. “ఘంటసాలగారిది కూడానండీ” అన్నాడింకొకడు. “రాసింది కృష్ణశాస్త్రిగారు” అన్నాడు మూడోవాడు. బాణీ కట్టినవారి పేరు మాత్రం ఒక్కరికీ తట్టలేదు!

ఆయన సాలూరి రాజేశ్వరరావుగారు. 1922లో సాలూరు దగ్గరి శివరామపురంలో పుట్టారు. తండ్రిగారు మృదంగం వాయించేవారు. ‘శ్రీకృష్ణలీలలు’ (1935) చిత్రంలో బాలకృష్ణుడై తెరమీదికి వచ్చిన ఈ పిల్లవాడికి, తరువాత కలకత్తాలో పంకజ్ మల్లిక్ వంటివారి సంగీతం దగ్గరగా వినే భాగ్యం కలిగింది. మన కర్ణాటక రాగమూ, హిందూస్థానీ సొగసూ, వంగదేశపు మెత్తదనమూ ఆయన లలితగీతాల్లో అతుకు కనబడకుండా ఒదిగిపోయాయి. బాలసరస్వతీదేవిగారితో కలిసి పాడిన గ్రామఫోను పాటలు ఇంటింటా మోగాయి.

మెత్తదనమొక్కటే ఆయన సొత్తనుకునేరు! జెమినీవారి ‘చంద్రలేఖ’ (1948)లో పెద్దపెద్ద ఢంకాల మీద నర్తకులు ఆడే ఘట్టం ఉన్నది గదా, ఆ చిత్రానికి పాటల సంగీతం ఆయనదే.

ఇక ‘మల్లీశ్వరి’ (1951). దాని సంగీతానికి ఆరునెలలు పట్టిందంటారు. వాద్యగోష్ఠి కూర్చినవారు అద్దేపల్లి రామారావుగారు. బి. ఎన్. రెడ్డిగారు తొందరపెట్టలేదు, రాజేశ్వరరావుగారు తొందరపడలేదు. ఆ ఆరునెలల ఓపికే ఇన్నేళ్ళ తరువాత మా కుర్రవాడి గొంతులో పలికింది.

‘మాయాబజార్’ (1957) సంగతి మరీ చిత్రం. నాలుగు పాటలకు బాణీలు కట్టి ఆయన తప్పుకున్నారు. తక్కిన భారమంతా ఘంటసాలగారు మోసి, చిత్రాన్ని అజరామరం చేశారు. వెన్నెల్లో పడవ మీది ఆ పాట వింటూ మనమంతా పరవశిస్తాము. అది సాలూరివారి బాణీ అని ఎందరికి తెలుసు?

1999లో ఆయన కన్నుమూశారు.

కొండ దిగుతూ పిల్లలకు ఒక మాట చెప్పాను. పక్కనే ఎమ్మిగనూరు, నేతకు పేరుపడ్డ ఊరు. అక్కడ మగ్గం మీద దిగిన చీర కట్టుకున్నామెను నలుగురూ మెచ్చుకుంటారు. నేసినవాని పేరు అంచుమీద ఉండదు. అయినా పోగుపోగులోనూ ఉన్నది వాడి చెయ్యే గదా!

“ఇకమీద పాట వింటే ముందు నేతగాడి పేరడుగుతామండీ” అన్నాడు పాట ఎత్తుకున్న కుర్రవాడు.