వరిచేను నుండి రబ్బరు తోట దాకా: జపాను సైనికుని చరిత్ర, జీవితము

మలేషియాలోని మన తెలుగు కుటుంబములలో "జపాను కాలము" అను మాట నేటికిని వినబడుచుండును. ఆ మూడున్నర సంవత్సరములు కర్రపెండలము తిని బ్రతికిన సంగతి, సయాము రైలు పనికి పోయి తిరిగి రాని తాతల సంగతి పెద్దలు చెప్పుదురు. ఆ కథలలో జపాను సైనికుడు తుపాకితోను, చెంపదెబ్బతోను మాత్రమే కనబడును. అతడు ఎవరు, ఎచ్చట నుండి వచ్చినాడు, ఎందుకు అంత కఠినముగా ప్రవర్తించినాడు అను ప్రశ్నలకు ఇంటి కథలలో జవాబు దొరకదు. ఆ జవాబును చరిత్రలో వెదకుటకే ఈ వ్యాసము. మనవారు పడిన బాధను తక్కువ చేయుట దీని ఉద్దేశము కాదు. ఆ బాధ ఎట్లు పుట్టినదో తెలిసికొనుట మన పిల్లలకు అవసరము.

రైతుబిడ్డ సైనికుడైన విధము

పూర్వము జపానులో ఆయుధము ధరించు హక్కు సమురాయ్ అను యోధవర్గమునకే ఉండెడిది. రైతు భూమిని దున్నవలెను, పన్ను కట్టవలెను, అంతే. 1868లో మెయిజి చక్రవర్తి పేరున క్రొత్త ప్రభుత్వము ఏర్పడినది. పాశ్చాత్య దేశములతో సమానముగా నిలువవలెనని ఆ ప్రభుత్వము 1873లో నిర్బంధ సైనిక సేవను ప్రవేశపెట్టినది. నిర్బంధము అనగా ఇష్టమున్నను లేకున్నను తప్పించుకొన వీలులేనిది. 20 ఏండ్లు నిండిన యువకుడు వైద్యపరీక్షకు హాజరు కావలెను. ఎంపికైనవాడు సైన్యములో చేరవలెను.

ఈ ఆజ్ఞకు ముందు వెలువడిన ప్రకటనలో సైనిక సేవను "రక్తపు పన్ను" అని వర్ణించినారు. పల్లెల ప్రజలు ఆ మాటను ఉన్నదున్నట్లు గ్రహించి, తమ బిడ్డల రక్తమును నిజముగా పిండి తీసికొందురని భయపడినారు. అనేక ప్రాంతములలో తిరుగుబాట్లు జరిగినవి. తొలి చట్టములో మినహాయింపులు కూడ ఉండెడివి. ఇంటి యజమానికి, వారసుడైన పెద్దకొడుకునకు సేవ తప్పెడిది. 270 యెన్‌లు చెల్లించిన ధనికునికి కూడ తప్పెడిది. కావున తొలి దినములలో ఈ భారము ముఖ్యముగా పేద రైతుల రెండవ, మూడవ కొడుకులపై పడినది. ఆ మినహాయింపులను తరువాత ఒక్కొక్కటిగా తీసివేసినారు.

1882లో చక్రవర్తి సైనికులకు, నావికులకు ఒక శాసనము ఇచ్చినాడు. విధేయత, మర్యాద, శౌర్యము, విశ్వాసము, నిరాడంబరత అను ఐదు గుణములు అందులో చెప్పబడినవి. సైనికులు దానిని కంఠస్థము చేయవలసి వచ్చెడిది. అందులో మన కథకు ముఖ్యమైన అంశము ఒకటి కలదు. పై అధికారి ఇచ్చిన ఆజ్ఞ చక్రవర్తి ఆజ్ఞయే అని క్రింది సైనికుడు భావించవలెను. చక్రవర్తిని దైవాంశ గలవానిగా కొలిచెడి దేశములో దీని అర్థము ఏమి? హవల్దారు మాటకు ఎదురు చెప్పుట దైవమునకు ఎదురు చెప్పుటతో సమానమైనది.

ఎర్ర కాగితము, వేయి కుట్లు

యుద్ధకాలములో పిలుపు ఎర్రని కాగితముపై వచ్చెడిది. దానిని "అకగామి" అనెడివారు. ఎర్ర కాగితము అనియే ఆ మాటకు అర్థము. గ్రామ కార్యాలయపు ఉద్యోగి దానిని ఇంటికి తెచ్చి చేతికి ఇచ్చెడివాడు. ఇరుగుపొరుగువారు వచ్చి అభినందించెడివారు. తల్లి ఏడ్చుటకు వీలులేదు. లోపల ఏడ్చి బయట నవ్వవలెను.

తల్లి, అక్కచెల్లెండ్రు తెల్లని గుడ్డను పట్టుకొని వీధిలో నిలిచి, దారిన పోవు స్త్రీలను ఒక్కొక్క కుట్టు వేయుమని వేడుకొనెడివారు. వేయిమంది స్త్రీలు వేసిన వేయి కుట్లతో నడికట్టు తయారగును. దీని పేరు "సెన్నిన్‌బరి". పులి సంవత్సరమున పుట్టిన స్త్రీ మాత్రము తన వయస్సు ఎంతో అన్ని కుట్లు వేయవచ్చును, ఏలయనగా పులి దూరము పోయినను తిరిగి వచ్చునని వారి నమ్మకము. కొందరు దానిలో 5 సెన్‌ల నాణెమును కుట్టెడివారు. జపాను భాషలో "నాలుగు సెన్‌లు" అను మాటయు "మృత్యురేఖ" అను మాటయు ఒకే విధముగా పలుకబడును. ఐదు నాలుగును దాటినది కాబట్టి కొడుకు మృత్యువును దాటునని ఆశ. బిడ్డ చేతికి రక్ష కట్టి పంపిన మన తల్లుల మనస్సే ఇది.

బ్యారక్‌లలో జీవితము

సైన్యములో చేరిన మొదటి సంవత్సరమే అన్నిటికంటె కష్టమైనది. క్రొత్తవాడు పాత సైనికుల బూట్లు తుడువవలెను, బట్టలు ఉతుకవలెను, అన్నము వడ్డించవలెను. గుండీ ఊడినను, పడక మడత వంకరపోయినను చెంపదెబ్బ తప్పదు. దీనిని "బింత" అనెడివారు. కొన్ని సమయములలో క్రొత్తవారిని ఎదురెదురుగా రెండు వరుసలలో నిలిపి, ఒకరి చెంప ఒకరు కొట్టుకొనుమని ఆజ్ఞాపించెడివారు. మెల్లగా కొట్టిన యెడల పాత సైనికుడు వచ్చి "ఇట్లు కొట్టవలెను" అని చూపెడివాడు. స్తంభమును కరచుకొని కీచురాయి వలె అరువుమనుట, మంచముల క్రింద ప్రాకుచు పక్షి వలె కూయుమనుట మొదలగు అవమానములు కూడ ఉండెడివి.

తుపాకిపై చక్రవర్తి చిహ్నమైన చేమంతి పువ్వు ముద్ర ఉండెడిది. దానికి మచ్చ పడినచో సైనికుడు తుపాకికే క్షమాపణ చెప్పుకొనవలసి వచ్చెడిది. మనిషి విలువ మాత్రము అతి తక్కువ. ఆ దినములలో పోస్టుకార్డు ఖరీదు 1 సెన్ 5 రిన్‌లు. "నీ బదులు మరొకనిని తెచ్చుటకు ఒక కార్డు చాలును, గుఱ్ఱమును తెచ్చుటకు డబ్బు కావలెను" అను భావముతో క్రొత్తవారిని హేళన చేసెడివారు.

ఒక సంవత్సరము గడచిన తరువాత దెబ్బలు తిన్నవాడే దెబ్బలు కొట్టువాడగును. ఈ విధముగా హింస మెట్టు తరువాత మెట్టు క్రిందికి దిగుచుండెడిది. ఈ మెట్ల సంగతి గుర్తుంచుకొనుడు. ముందు దీనితో పని కలదు.

తిండి, జబ్బులు

సైనికుని ముఖ్యాహారము అన్నము. దానితో మిసో అను సోయాచిక్కుడు ముద్దతో కాచిన పులుసు, ఊరగాయ, ఎండుచేప ఉండెడివి. అన్నము మధ్యలో ఉప్పులో ఊరిన ఎర్రని ఉమె పండును పెట్టినచో జపాను జెండా వలె కనబడును. దీనిని జెండా పేరుతోనే పిలిచెడివారు. పేద రైతు ఇంట తెల్లబియ్యము పండుగ నాటి భోజనము. సైన్యములో ప్రతిదినము అన్నము దొరకుట గొప్ప ఆకర్షణ.

కాని పాలిష్ పట్టిన తెల్లబియ్యమే వారికి శత్రువైనది. 1904–05 రష్యా యుద్ధములో 20,000 మందికి పైగా జపాను సైనికులు బెరిబెరి జబ్బుతో మరణించినారు. తవుడులో ఉండు విటమిను లేకపోవుట చేత ఈ జబ్బు కలుగును. కాళ్లు వాచును, గుండె బలహీనపడును. నౌకాదళములో తకాకి కనెహిరో అను వైద్యుడు అంతకు పూర్వమే ఆహారమును మార్చి ఈ జబ్బును అరికట్టినాడు. పదాతిదళపు పెద్దలు ఆ మాటను త్వరగా అంగీకరింపలేదు. తరువాతనే బియ్యములో బార్లీ కలుపుట స్థిరపడినది.

క్రూరత్వము రక్తములో లేదు

జపానువారు పుట్టుకతోనే క్రూరులని కొందరు అనుకొందురు. చరిత్ర అట్లు చెప్పదు. రష్యా యుద్ధములో పట్టుబడిన బందీలను మత్సుయామా మొదలగు పట్టణములలో జపానువారు గౌరవముగా చూచినారు. మొదటి ప్రపంచయుద్ధములో బందీలైన జర్మనులు బందో శిబిరములో వాద్యబృందము కూర్చుకొని, 1918లో బీథోవెన్ తొమ్మిదవ సింఫనీని వాయించినారు. అదే దేశపు సైన్యము 1937లో చైనాలోని నాన్‌కింగ్ నగరమున ఘోరమైన హత్యాకాండ జరిపినది. నడుమ గడచిన కాలములో సైనికాధికారుల బలము పెరిగినది, యుద్ధములు దీర్ఘమైనవి, శత్రువును మనిషిగా చూడని బోధ వ్యాపించినది. 1941 జనవరిలో యుద్ధమంత్రి తోజో హిదెకి పేరున వెలువడిన "సెన్‌జిన్‌కున్" అను నియమావళి, ప్రాణముతో బందీ అగుట అవమానమని బోధించినది. తాను బందీ కాకూడదని నేర్చుకొన్నవాడు, బందీ అయిన పరదేశీయుని గౌరవించుట ఎట్లు?

మలయాకు రాక

1941 డిసెంబరు 8వ తేదీ తెల్లవారక పూర్వమే జపాను దళములు కోతా బారు తీరమున దిగినవి. సేనాపతి యమషిత తొమొయుకి. సయాము తీరమున దిగిన దళములు కూడ వచ్చి కలిసినవి. వారు సైకిళ్లపై రోడ్లు, తోటల దారుల వెంబడి దక్షిణమునకు సాగినారు. టైరు చిరిగినచో చక్రపు ఇనుప అంచుపైనే నడిపెడివారు. బ్రిటిషువారు వదలి పోయిన ఆహారమును, పెట్రోలును తీసికొని వాడుకొనెడివారు. 1942 ఫిబ్రవరి 15న సింగపూరు లొంగినది. 80,000 మందికి పైగా బ్రిటిషు, ఆస్ట్రేలియా, భారత సైనికులు బందీలైనారు.

సింగపూరునకు "షోనాన్" అని పేరు మార్చినారు. గడియారములను టోక్యో కాలమునకు త్రిప్పినారు. సంవత్సరమును జపాను లెక్క ప్రకారము 2602 అని వ్రాసినారు. అరటి బొమ్మ ఉన్న నోటును ప్రజలు "అరటి నోటు" అనెడివారు. దాని విలువ దినదినము పడిపోయినది. కాపలా సైనికుని యెదుట వంగి నమస్కరింపని వానికి చెంపదెబ్బ. బ్యారక్‌లలో నేర్చిన చెంపదెబ్బయే ఇది. చైనీయులకు అంతకంటె ఘోరము జరిగినది. సింగపూరులోను, మలయాలోను వేలకొలది చైనీయులను వేరు చేసి చంపినారు.

సయాము రైలు

బర్మాలోని సైన్యమునకు సరుకు పంపుటకు జపానువారు సయాములోని బాన్ పాంగ్ నుండి బర్మాలోని తన్‌బ్యూజయాత్ వరకు 415 కిలోమీటర్ల రైలు మార్గము తలపెట్టినారు. 1942లో ప్రారంభించి 1943 అక్టోబరులో పూర్తి చేసినారు. దాదాపు 60,000 మంది యుద్ధఖైదీలు పని చేసినారు. వారిలో 12,000 మందికి పైగా చనిపోయినారు. ఆసియా కూలీల సంఖ్య దాదాపు 2,00,000 అనియు, వారిలో 90,000 మంది వరకు మరణించినారనియు అంచనా. బర్మీయులు, జావావారు, మలయులు, చైనీయులు, తమిళులు, మన తెలుగువారు అందరును ఆ లెక్కలో కలరు. రబ్బరు కొనువారు లేక తోటలలో పని నిలిచినందున, కూలి లైన్లలోని మనుష్యులను ఆశ చూపియు, బలవంతముగాను తీసికొనిపోయినారు.

1943 వానకాలములో కలరా వ్యాపించినది. ఖైదీల శిబిరములలో వారి సొంత వైద్యులు, అధికారులు ఉండెడివారు. నీటిని కాచి త్రాగవలెనను క్రమశిక్షణ ఉండెడిది. మన కూలీలకు వైద్యుడు లేడు, నాయకుడు లేడు, పేర్లు వ్రాసిన పుస్తకము లేదు. అందుచేతనే వారు ఎక్కువగా చనిపోయినారు.

ఇప్పుడు ఆ మెట్లను చూడుడు. అధికారి జపాను సైనికుని కొట్టును. సైనికుడు కొరియా కాపలావానిని కొట్టును. కొరియా కూడ అప్పుడు జపాను పాలనలో ఉన్న దేశమే. కాపలావాడు ఖైదీని, కూలీని కొట్టును. కూలీకి క్రింద మెట్టు లేదు. దెబ్బలన్నియు అచ్చటికి వచ్చి ఆగినవి. కొట్టినవాడు కూడ దెబ్బలు తిన్నవాడే అనుట నిజము. అంతమాత్రమున అతని నేరము పోదు. యుద్ధము తరువాత కొందరు అధికారులకు, కాపలావారికి న్యాయస్థానములు శిక్ష విధించినవి.

చివరి దశ

ఆ సైన్యము తన సైనికులను కూడ కాపాడలేదు. 1944లో ఇంఫాల్ దండయాత్రకు దాదాపు 85,000 మందిని పంపినారు. ఆజాద్ హింద్ ఫౌజ్ దళములు కూడ వారితో నడిచినవి. తిండి, మందులు చాలలేదు. సేనాపతి ముతగుచి రెన్య వెనుకకు మరలుటకు ఒప్పుకొనలేదు. కొహిమాలోని సాతో కొతొకు అను అధికారి ఆజ్ఞను ధిక్కరించి తన సైనికులను వెనుకకు తెచ్చినాడు. ఆ మొత్తము యుద్ధములో చనిపోయిన జపాను సైనికులలో సగమునకు పైగా ఆకలితోను, ఆకలి వలన వచ్చిన జబ్బులతోను మరణించినారని చరిత్రకారుడు ఫుజివారా అకిరా లెక్కగట్టినారు. ఆయన కూడ ఆ సైన్యములో పని చేసినవారే.

1945 ఆగస్టు 15న చక్రవర్తి రేడియోలో మాట్లాడినాడు. యుద్ధము ముగిసినది. కొందరికి ఆ వార్త చేరలేదు. చేరినను కొందరు నమ్మలేదు. యోకోయి షోఇచి 1972లో గ్వామ్ అడవిలోను, ఒనోద హిరో 1974లో ఫిలిప్పీన్స్‌లోని లుబాంగ్ దీవిలోను బయటపడినారు. మన మలయాలో కమ్యూనిస్టు గెరిల్లాలతో కలిసిపోయిన ఇద్దరు జపానువారు 1990లో గాని స్వదేశమునకు మరలలేదు.

మనము చేయవలసినది

జపాను సైనికుల పేర్లు వారి గ్రామ రాళ్లపై చెక్కబడి కలవు. యుద్ధఖైదీల సమాధులు కాంచనబురిలో వరుసలుగా, పేర్లతో కలవు. మన కూలీలలో ఎక్కువమందికి సమాధియు లేదు, పేరును లేదు. చనిపోయిన తిథి తెలియనందున అట్టి పెద్దలకు మహాలయ అమావాస్య నాడు తర్పణము విడుచుట మన ఆచారము. తిథి తెలియకపోయినను పేరు తెలిసిన బంధువులు నేటికిని కొన్ని ఇండ్లలో కలరు.

కావున మీ ఇంటిలోని వృద్ధులను అడుగుడు. ఏ తోట నుండి, ఎవరు, ఎందరు పోయినారు, ఎవరు తిరిగి వచ్చినారు అని తెలుగులోనే వ్రాసికొనుడు. అక్షరదోషములున్నను ఫరవాలేదు. పేరు నిలిచిన చాలును.