పదహారణాలు – తొమ్మిది గజములు: సాకల్యార్థక పదబంధములపై ఒక విచారము

ఒక వస్తువును గాని, విషయమును గాని, జనసమూహమును గాని ఏ భాగమును విడువక సమస్తముగా గ్రహించుట సాకల్యము. దీనిని తెలుపుటకు ప్రతిభాషయందును ‘అంతయు’, ‘ఎల్ల’, ‘సర్వము’ వంటి సామాన్యపదములు కలవు. అయినను వ్యవహర్తలు వీనితో తృప్తి పొందక, లోకానుభవమునుండి చిత్రములను గ్రహించి ప్రత్యేకమైన పదబంధములను కల్పించుకొందురు. నిఘంటువులు వీనికన్నిటికిని ‘సమస్తము’ అని ఒకే అర్థమును వ్రాసి విడుచుట కద్దు. ఇవి నిజముగా పర్యాయములేనా యనునది ఈ వ్యాసమున విచారింపబడుచున్నది. ఇందుకు ప్రధానోదాహరణములు రెండు: ఆంగ్లమునందలి ‘ద హోల్ నైన్ యార్డ్స్’, అనగా ‘మొత్తము తొమ్మిది గజములు’ అను పదబంధము, తెలుగునందలి ‘పదహారణాలు’.

సాకల్యమును చిత్రించు మార్గములు స్థూలముగా మూడు. మొదటిది అవయవముల నెన్నుట. ‘తట్టాబుట్టా సర్దుకొనిరి’, ‘ఇల్లూ వాకిలీ అమ్ముకొనిరి’, ‘గొడ్డూ గోదా తోలుకొనిపోయిరి’ అనునవి ఈ తెగకు చెందినవి. రెండుమూడు భాగములను పేర్కొన్నచో తక్కినవన్నియు వాని వెంట వచ్చును. ఆంగ్లమున ‘లాక్, స్టాక్ అండ్ బ్యారెల్’ అనునది ఇట్టిదే. తుపాకియొక్క పేల్చుయంత్రము, కొయ్యపిడి, గొట్టము చేరి తుపాకి యంతయు నగుచున్నది. రెండవమార్గము ఆద్యంతముల నిర్దేశము. ‘ఆమూలాగ్రము’, ‘నఖశిఖపర్యంతము’, ‘ఆబాలగోపాలము’ అనునవి రెండు కొనలను పట్టుకొని నడిమిభాగమును శ్రోతకే విడుచుచున్నవి. మూడవది నిండుమానము. ఒక కొలతను తీసికొని, దాని తుదిమెట్టును చెప్పినచో సాకల్యము స్ఫురించును. ‘నూటికి నూరుపాళ్ళు’ ఇట్టిది. మనము గ్రహించిన ఉదాహరణములు రెండును ఈ మూడవ తెగకు చెందినవే.

మొదట ఆంగ్లపదబంధమును చూతము. దీని పుట్టుకను గూర్చి ప్రచారమున నున్న కథలు పెక్కు. రెండవ ప్రపంచయుద్ధమున విమానములందలి మరతుపాకుల గుండ్లపట్టీ పొడవు తొమ్మిది గజములనియు, కాంక్రీటు బండి యొకటి తొమ్మిది ఘనగజముల మిశ్రమమును పట్టుననియు, స్కాట్లండు వారి ఉడుపునకు తొమ్మిది గజముల గుడ్డ కావలయుననియు చెప్పుదురు. మహారాష్ట్రమున ‘నౌవారీ’ యనియు, తమిళదేశమున ‘మడిసారు’ అనియు కట్టబడు తొమ్మిది గజముల చీరయే దీనికి మూలమని కొందరు భారతీయులు భావించుటయు కలదు.

లిఖితసాక్ష్యములు ఈ కథలలో దేనికిని అనుకూలముగా లేవు. అమెరికాలో ఇండియానా రాష్ట్రమునందలి మిచెల్ అను చిన్నయూరి పత్రికలో 1907లో ఒక బేస్‌బాల్ ఆటను గూర్చిన ప్రకటనయందు ‘ఫుల్ నైన్ యార్డ్స్’ అను రూపము కానవచ్చుచున్నది. ఇది రెండవ ప్రపంచయుద్ధమునకు చాల పూర్వపుమాట. 1912లో కెంటకీ రాష్ట్రపు పత్రికయొకటి ‘హోల్ సిక్స్ యార్డ్స్’, అనగా ‘మొత్తము ఆరు గజములు’ అని వ్రాసినది. 1921లో దక్షిణ కెరొలినాయందును ఆరు గజముల రూపమే శీర్షికగా నున్నది. 1956లో కెంటకీ పత్రికయొక్క మరియొక ప్రయోగము తొమ్మిది గజములను చెప్పుచున్నది. 1960 తరువాతనే యీ పదబంధము విస్తృతవ్యాప్తిని పొందెను.

ఈ సాక్ష్యమునందు గమనింపదగిన అంశమొకటి కలదు. ఒకచోట తొమ్మిది, ఒకచోట ఆరు. నిజమైన కొలతయే మూలమైనచో సంఖ్య యిట్లు మారదు. ఆరైనను, తొమ్మిదియైనను వ్యవహర్తకు ఒకటియే. అతనికి కావలసినది ‘చాల పొడవైనదానిని తుదివరకు’ అను భావము మాత్రమే. కావున ఇది కొలతవలె కానవచ్చుచున్నను కొలత కాదు. తొమ్మిది గజములలో నాలుగు గజములనగా ఎంత యని యెవ్వరు నడుగరు. ఆంగ్లమున ‘నాలుగు గజముల నిజము’ అను ప్రయోగము పుట్టలేదు.

‘పదహారణాలు’ ఇందుకు భిన్నమైనది. దీని మూలము కథలపై నాధారపడినది కాదు. 1957 మార్చి తుదివరకు ప్రతివాని చేతిలోను మెలగిన నాణెము దానికి సాక్షి. రూపాయికి పదునారణాలు, అణాకు నాలుగు కానులు, లేక పన్నెండు పైసలు. 1955నాటి నాణెముల సవరణచట్టము ననుసరించి 1957 ఏప్రిల్ 1వ తేదినుండి రూపాయికి నూరు నయాపైసలైనవి. అయినను పావలా, అర్ధరూపాయి అను పేర్లు నిలిచినవి. ఇరువదియైదు పైసల నాణెము 2011 జూన్ తుదితో చెల్లుబాటు కోల్పోయిన పిమ్మటను ‘పావలా వంతు’ అను మాట నశింపలేదు.

నాణెము పోయినను మాట నిలుచుటకు కారణము, ఆ పదునారు భాగముల పద్ధతి నాణెమునకంటె పురాతనమగుటయే. తెలుగు భిన్నాంకములలో వీసము పదునారవవంతు, పరక యెనిమిదవవంతు, కాని యరువదినాలుగవవంతు. అణా రూపాయిలో వీసమే; బేడ పరకయే; నాణెమైన కాని, భిన్నమైన కాని రెండును అరువదినాలుగవవంతే. కావున రూపాయి లెక్క తెలుగువానికి క్రొత్తది కాలేదు. వాని పాతలెక్కకే క్రొత్త లోహరూపము. ‘ముప్పాతిక మువ్వీసము’ అను నానుడి నిచ్చట స్మరింపవలెను. ముప్పాతిక పన్నెండు వీసములు; దానికి మూడు వీసములు చేర్చినచో పదునైదు. అనగా సాకల్యమునకు ఒక్క వీసము తక్కువ. ‘దాదాపు అంతయు’ అను భావమునకు ఇంతకంటె సూక్ష్మమైన మాట దుర్లభము. అట్లే ‘వీసమెత్తు’ అల్పత్వమునకు చిహ్నమైనది. సంస్కృతమునందును ‘కల’ యనగా పదునారవ భాగము. చంద్రుని పూర్ణత్వము షోడశకళలచేత చెప్పబడును. ప్రశ్నోపనిషత్తునందలి ఆరవ ప్రశ్న షోడశకళలుగల పురుషుని గూర్చినది. పదునారు పూర్ణసంఖ్యయగుట ఇట్లు బహుకాలసిద్ధము.

ఇంతవరకు తెలుగును మాత్రమే చెప్పితిమి. ఇరుగుపొరుగు భాషలతో పోల్చినప్పుడు ఈ పదబంధముయొక్క వేరొక ముఖము బయలుపడును. అట్టి పోలికకు జంషెడ్‌పూర్ నగరమునందలి గోల్‌మురి తగిన స్థానము. 1907లో స్థాపితమైన టాటా ఉక్కు సంస్థ కర్మాగారము చుట్టును ఆ నగరము పెరిగినది. 1920లో ఏర్పడిన టిన్‌ప్లేట్ కంపెనీ 1922లో గోల్‌మురిలో తగరపురేకుల ఉత్పత్తి నారంభించెను. ఈ కర్మాగారములలో పనికై ఉత్తరాంధ్రమునుండియు, గంజాము ప్రాంతమునుండియు పోయి స్థిరపడిన తెలుగు కుటుంబములు పెక్కు. వారి చుట్టును హిందీ, వంగము, ఒడియా, సంతాలీ, హో మొదలగు భాషలు వినవచ్చును. అణాలు చెల్లిన దినములలో ఈ భాషలవారందరును అదే రూపాయిని, అదే పదునారు భాగములుగా లెక్కించుకొనిరి. హిందీలో ‘సోలహ్ ఆనే’, వంగమున ‘షోలో ఆనా’, ఒడియాలో ‘షోళఅణా’, తెలుగున ‘పదహారణాలు’ అని నాలుగు భాషలందును నానుడి యొక్కటే. శబ్దము మారినను చిత్రము మారలేదు.

చిత్రమొక్కటైనను అర్థమొక్కటి కాదు. హిందీలో ఈ పదబంధము ముఖ్యముగా సత్యమునకు విశేషణము. ‘సోలహ్ ఆనే సచ్’ అనగా ఏమాత్రము లోపములేని నిజము. వంగమున పరిమాణార్థము ఇంకను సజీవము. నిండునకు మించినదానిని ‘ఆఠారో ఆనా’, అనగా పద్దెనిమిదణాలు అని యందురు. కొలతబద్ద మనస్సులో నున్నవారికే దానిని దాటు ఊహ తట్టును.

ఇంతకంటె విశేషమైన ప్రయోగము గోల్‌మురికి సమీపముననే కలదు. పూర్వపు మాన్‌భూమ్ జిల్లా 1956లో విభజింపబడినప్పుడు పురూలియా పశ్చిమబంగాళమునకు చేరినది. పటమదా ప్రాంతము బీహారుననే నిలిచి, నేడు ఝార్ఖండునందలి తూర్పు సింగ్‌భూమ్ జిల్లాలో భాగమై యున్నది. ఈ మాన్‌భూమ్ గ్రామములలో ‘షోలో ఆనా’ యనగా గ్రామస్థు లందరును కూడిన సమాజము. గుడి, చెరువు, ఉత్సవము మొదలగు ఉమ్మడి విషయములను నిర్ణయించునది ఆ ‘పదహారణాలే’. సంతాల్ పరగణాలందును గ్రామరైతులందరిని కలిపి పదునారణాల రైతులనుట వాడుక. దీనికి మూలము భూమిహక్కులను అణాలలో పంచుకొను ఆచారము. గయా జిల్లాలోని టేకారీ సంస్థానము ‘తొమ్మిదణాలు’, ‘ఏడణాలు’ అను రెండు భాగములుగా చీలినది. మైమన్‌సింగ్ ప్రాంతపు ముక్తాగాఛాలో ‘ఆట్ ఆనీ’, అనగా ఎనిమిదణాల వాటా, జమీందారీ భవనమునకే పేరైనది. వాటాలన్నియు కూడినచో పదునారు. ఇక్కడ సాకల్యము భిన్నభాగముల సమ్మేళనము. ఒక్క అణా తగ్గినను అది పదహారణాలు కాదు.

తెలుగున అర్థము వేరొక త్రోవ త్రొక్కినది. ‘పదహారణాల తెలుగుపడుచు’, ‘పదహారణాల ఆంధ్రుడు’ అను ప్రయోగములలో భాగములు కూడుట యను భావము కానరాదు. ఇచట అర్థము స్వచ్ఛత, కల్తీలేమి. ‘పదహారణాల నిజము’ అనుటయు కలదు గాని, మనుష్యుని జాతీయతకును సంప్రదాయమునకును విశేషణముగా వాడుటయే ప్రచురము. ‘ఊరివారు పదహారణాలు వచ్చిరి’ అని తెలుగువాడనడు. ‘ఊరంతయు కట్టగట్టుకొని వచ్చిన’దనును.

ఈ భేదమునకు హేతువు తెలుగునందే వెదుకవలెను. మన భాషలో మేలిమి బంగారమునకు ‘పదాఱువన్నె పసిడి’ యని ప్రాచీనమైన వాడుక కలదు. ఒరగంటిపై గీచి చూచిన రంగును బట్టి బంగారమునకు వన్నెలు నిర్ణయింతురు. పదునారవ వన్నె పరిశుద్ధికి తుదిమెట్టు. వన్నెల లెక్కలు గణితగ్రంథములందును కలవు. మహావీరాచార్యుని గణితసారసంగ్రహమున ఉన్నవి, ఆ గ్రంథమును పదునొకండవ శతాబ్దమున పావులూరి మల్లన తెనిగించెను. ఉత్తరదేశమున పేరొందిన మేలిమిమానము వేరు. మొగలుల కాలపు ఐన్-ఇ-అక్బరీ, పారసీకమున పదిమెట్లనియు, హిందూదేశమున పండ్రెండు మెట్లనియు చెప్పి, పరమశుద్ధమైన బంగారమును ‘బారహ్ బానీ’ యని పేర్కొన్నది. కావున హిందీవానికి పదునారు నిండునకు గుర్తు, పండ్రెండు శుద్ధికి గుర్తు, రెండును కలియలేదు. తెలుగువానికి నిండును పదునారే, శుద్ధియు పదునారే. అణాల పదునారు వాడుకలోనికి వచ్చినపుడు వన్నెల పదునారు దానిని తనవైపునకు లాగుకొనెనని యూహించుట యుక్తము. ‘పదహారణాల తెలుగు’ అను మాటకు అణా వేషము; వన్నె ఆత్మ.

దీనినిబట్టి అనువాదకులకును నిఘంటుకర్తలకును కొన్ని నిర్ణయములు లభించుచున్నవి. ‘ద హోల్ నైన్ యార్డ్స్’ అనుదానిని ‘పదహారణాలు’ అని తెనిగించుట తగదు. ఆంగ్లపదబంధము సాధారణముగా ఒక జాబితాకు తుదిని వచ్చి, చెప్పినవానితోపాటు చెప్పనివానిని కూడ చేర్చును. తెలుగున ఆ పనిచేయునది ‘ఒకటేమిటి’ యను మాట: ‘పందిరి, మేళము, విందు, ఒకటేమిటి, సమస్తమును జరిపించిరి.’ 2024లో గోల్‌మురి టిన్‌ప్లేట్ కంపెనీ టాటా ఉక్కు సంస్థలో విలీనమైనది. అట్టి సందర్భమున ఆంగ్లమున ‘లాక్, స్టాక్ అండ్ బ్యారెల్’ తగును, తెలుగున ‘గుండుగుత్తగా’ అనవచ్చును. గ్రంథమును చదువుటకు ‘ఆమూలాగ్రము’ తగును. దానిని గుండుగుత్తగా చదివితిననుట హాస్యాస్పదము. వంగమునందలి గ్రామవాచకమైన ‘షోలో ఆనా’ను ‘ఊరుమ్మడి’ యనుట మేలు. ‘పదహారణాలు’ అని యథాతథముగ వ్రాసినచో తెలుగు పాఠకుడు దానిని కల్తీలేని గ్రామమని భ్రమించును.

నిఘంటువులలో ‘పదహారణాలు’ అను ఆరోపమునకు, 1. రూపాయి, 2. సంపూర్ణత, 3. కల్తీలేమి, స్వచ్ఛత, అని మూడర్థములను వేరువేరుగ చూపి, మూడవదానిని ‘పదాఱువన్నె’తో జతపరచుట ఉచితము. ప్రవాసాంధ్రుల వ్యవహారమును కూడ ఇందు చేర్చుట యావశ్యకము. గోల్‌మురివంటి చోట ఇంట తెలుగును, వీధిలో హిందీని, వంగమును వినుచు పెరిగిన వానికి ఈ మాటయొక్క రెండు ముఖములును ఎదురగును. ఇంటిమాటలోని వన్నెలలెక్క ప్రకారము, పరభాష కలసిన కొలది వాని తెలుగుతనము పదునారుకు తగ్గుచుండును. మాన్‌భూమ్ వాటాలలెక్క ప్రకారము, భిన్నమైన భాగములు కూడినగాని పదునారు పూర్తి కాదు. వాని తెలుగు ఆ ఉమ్మడిలో ఒక వాటా. ఈ రెండు లెక్కలను ఒకటిగా భావించి, మొదటిదానితోనే ప్రవాసాంధ్రుల భాషను కొలుచుట శాస్త్రీయము కాదు. మాట ఒక్కటియే యైనను కొలతలు రెండు.