‘ఐ లవ్యూ’ అనని ప్రేమికులు!

సినిమా అన్నాక హీరో హీరోయిన్లు చెట్ల చుట్టూ తిరగాలి, ఆఖరి రీల్లో అక్షింతలు పడాలి. అంతేగా? మరి అక్షింతలు పడని ప్రేమల కోసం మన జనం కళ్ళొత్తుకుంటూ రెండోసారి, మూడోసారి టిక్కెట్లు కొన్నారే... అదెందుకంటారు?

కోనసీమలో కొత్తపేట ఉంది కదూ, పూర్ణోదయా అధినేత ఏడిద నాగేశ్వరరావు 1934లో పుట్టింది అక్కడే. నాటకాల పిచ్చితో మద్రాసు చేరి, చిన్న వేషాలు వేసి, డబ్బింగులు చెప్పి, నిర్మాత అయ్యారు. 2015లో కన్నుమూశారు.

1980లో ఆయన తీసిన ‘శంకరాభరణం’ చూడండి. శాస్త్రిగారికీ తులసికీ మధ్య ఒక్క డ్యూయెట్టూ లేదు! తొలి రోజుల్లో హాళ్ళు పలచగానే ఉన్నాయి. తర్వాత ఆ నోటా ఈ నోటా పాకి జనం విరగబడ్డారు. తులసిది ప్రేమా, భక్తా? దర్శకుడు కె. విశ్వనాథ్ తేల్చలేదు. ఆయన తేల్చలేదు కాబట్టే ప్రేక్షకుడు ఇంటికెళ్ళి మంచమెక్కాక కూడా దాని గురించే ఆలోచించాడు.

ఆ సంస్థకు త్యాగం ఒక్కటే తెలుసనుకునేరు! 1981లో భారతీరాజా దర్శకత్వంలో ‘సీతాకోకచిలక’ తీసిందీ వాళ్ళే. బ్రాహ్మల అబ్బాయి, క్రైస్తవుల అమ్మాయి. చివరికి కులం, మతం వదిలేసి ఇద్దరూ చేయీ చేయీ పట్టుకుని వెళ్ళిపోతారు. హాలంతా ఈలలే! వెళ్ళి ఎక్కడ కాపురం పెట్టారు, ఇల్లు అద్దెకెవరిచ్చారు? అది మాత్రం సినిమాలో లేదు. కాలవగట్టు మీద సైకిలాపి పక్క వీధి అమ్మాయి కోసం చూసే కుర్రాడికి కావలసింది అదే మరి!

1984 నాటి ‘సితార’ సంగతి తెలిసిందే. పసలపూడి వంశీ తన ‘మహల్లో కోకిల’ నవలనే తెరకెక్కించారు. మహల్లో బందీ అయిన పిల్ల, పగటి వేషగాడు... ఆ రెండు ముక్కలు చాలు, కథ పట్టేసుకుంటుంది.

నన్ను తికమక పెట్టేది 1983 నాటి ‘సాగర సంగమం’. మాధవికి పెళ్ళయిందని బాలుకి తెలుస్తుంది. భర్తే అడ్డు తొలుగుతానన్నా, బాలు ఒప్పుకోక ఆమెను భర్తతో పంపేస్తాడు. ఎంత గొప్ప మనసో అని నేనూ ఏడ్చాను. అమలాపురంలో ఆట వదిలాక ముందు నడుస్తున్న ఒకమ్మాయి స్నేహితురాలితో అన్న మాట వినేదాకా.

“వాళ్ళిద్దరే తేల్చేసుకున్నారు. మాధవిని ఎవరైనా అడిగారంటే?”

“లేదే... అయినా రేపు మ్యాట్నీకి మళ్ళీ వస్తావుగా?”

“ఊఁ. వస్తా.”