గడ్డి కప్పుల ఊళ్లకు ఒక రోజు బస్సు యాత్ర: షిరకవా-గో, గోకయామా

ఉదయం ఎక్కించుకుని, రెండు మూడు చోట్ల దింపి, సాయంత్రానికి తిరిగి చేర్చే ‘ఒక రోజు బస్సు యాత్ర’ గురించి మీరు వినే ఉంటారు. బహుశా అలాంటి యాత్ర చేసి కూడా ఉంటారు. పర్యాటక రంగంలో ఇది చాలా సాధారణమైన సరుకు. సాధారణమైనది కాబట్టే దాన్ని పెద్దగా పరిశీలించం. ఈ భాగంలో ఒక యాత్ర సమయపట్టికను దగ్గరగా చదువుదాం. అందులో ఏమి కనిపిస్తుంది, ఏమి కనిపించదు, దిగిన చోట బతికేవాళ్లకు ఆ యాత్ర ఏమవుతుంది అన్నవి మన ప్రశ్నలు.

ఉదాహరణగా జపాన్‌లోని మూడు పల్లెలను తీసుకుందాం. అవి ఒగిమాచి, ఐనోకురా, సుగనుమా. మొదటిది గిఫు రాష్ట్రంలోని షిరకవా-గో ప్రాంతంలోనిది. మిగిలిన రెండూ పక్కనున్న తొయామా రాష్ట్రంలోని గోకయామా ప్రాంతానివి. మూడూ షో అనే నది లోయలో, కొండల మధ్య ఒదిగి ఉన్నాయి. యునెస్కో 1995 డిసెంబరులో ఈ మూడింటినీ కలిపి ఒకే ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. అప్పటి లెక్క ప్రకారం ఒగిమాచిలో 59, ఐనోకురాలో 20, సుగనుమాలో 9 పాతకాలపు గడ్డి ఇళ్లు ఉన్నాయి. ఈ ఇళ్ల తీరును ‘గష్షో-జుకురి’ అంటారు. ‘గష్షో’ అంటే నమస్కారానికి జోడించిన చేతులు. ఎదురుగా నిలబడి చూస్తే కప్పు ఆకారం అచ్చంగా అలాగే ఉంటుంది.

దారి, దూరం

ఈ పల్లెలకు రైలు లేదు. సొంత వాహనం లేనివారికి బస్సే గతి. తకయామా పట్టణం నుంచి ఒగిమాచికి సుమారు 50 నిమిషాలు, కనజవ నగరం నుంచి గంటంబావు, నగోయా నుంచి దాదాపు మూడు గంటలు పడుతుంది. మామూలు ఎక్స్‌ప్రెస్ బస్సులో సీటు కొనుక్కుని వెళ్లవచ్చు. గైడ్ ఉన్న యాత్ర బస్సులో అయితే దారి, దిగే చోట్లు, ఒక్కోసారి భోజనం కూడా ముందే ఖరారై ఉంటాయి. జపనీస్ రానివారు, ఒక్క రోజు మాత్రమే ఉన్నవారు ఎక్కువగా రెండోదాన్ని ఎంచుకుంటారు. ఒగిమాచితో పాటు గోకయామాను కూడా ఒకే రోజులో చూడాలంటే రెండోదే మేలు, ఎందుకంటే గోకయామా వైపు మామూలు బస్సులు తక్కువ.

ఇక్కడ రెండు సంవత్సరాలు గుర్తుపెట్టుకోండి. 2008 జూలైలో తోకాయ్-హొకురికు రహదారి పూర్తయింది. దానికోసం కొండను తొలిచి దాదాపు 10.7 కిలోమీటర్ల పొడవైన హిదా సొరంగం తవ్వారు. 2015 మార్చిలో టోక్యో నుంచి కనజవకు బుల్లెట్ రైలు వచ్చింది. ఒకప్పుడు మంచు కురిస్తే వారాల తరబడి బయటి ప్రపంచంతో తెగిపోయిన లోయ ఇది. రోడ్డు రావడం ఊరికి మేలే. కానీ అదే రోడ్డు వల్ల సందర్శకుడికి ఆ ఊళ్లో రాత్రి బస చేయాల్సిన అవసరం తగ్గింది. ‘ఒక రోజు యాత్ర’ అన్న సరుకు సాధ్యమైంది ఇలాంటి దారుల వల్లనే. రోడ్డు వచ్చిందంటే పర్యాటక ఆదాయం పెరుగుతుందని మనం తేలిగ్గా రాసేస్తుంటాం. వచ్చేవారి సంఖ్య పెరగడం వేరు, వారు ఊళ్లో గడిపే గంటలు పెరగడం వేరు. ఈ తేడాను మీ జవాబుల్లో తప్పక చూపండి.

గైడ్ పని

జపాన్‌లో బస్సు గైడ్ వృత్తికి పాత చరిత్ర ఉంది. వేడినీటి బుగ్గల పట్టణమైన బెప్పులో అబురయా కుమహాచి అనే వ్యాపారి 1928లో నడిపిన విహార బస్సుల్లో యువతులు గైడ్లుగా ఉండి, ఊరి విశేషాలను లయబద్ధంగా చదివి వినిపించేవారు. దేశీయ యాత్ర బస్సుల్లో ఆ సంప్రదాయపు జాడలు ఇప్పటికీ ఉన్నాయి. ఆ ప్రాంతపు జానపద గీతం ఒకటి పాడి వినిపించడం కూడా గైడ్ పనిలో భాగమే. గోకయామా దారిలో అయితే అది ‘కొకిరికో’ అయ్యే అవకాశం ఎక్కువ.

మంచి గైడ్ అసలు పని దిగాక కాదు, దిగకముందే జరుగుతుంది. ఊళ్లో దొరికేది నలభై నిమిషాలో, గంటన్నరో. ఆ సమయమంతా వివరణకు పెడితే చూడటానికి ఏమీ మిగలదు. అందుకే కొండదారిలో బస్సు ఎక్కుతున్నప్పుడే ఇంటి కట్టుబడి, మంచు, పట్టుపురుగులు, ఊరి కట్టుబాట్లు చెప్పేస్తారు. బస్సులో నిద్రపోయినవారు దిగాక ఫొటో మాత్రం తీసుకోగలరు.

సుగనుమా: నేల కింద దాగిన కథ

కనజవ నుంచి బయలుదేరే యాత్రల్లో చాలావాటికి గోకయామాలోని ఒక పల్లె మొదటి మజిలీ. అది సుగనుమా అనుకుందాం. రోడ్డు పైన, ఊరు కింద నది ఒంపులో ఉంటుంది. తొమ్మిది ఇళ్లు, వరిమళ్లు, చుట్టూ కొండ. ఐదు నిమిషాల్లో ఒక చుట్టు తిరిగి రావచ్చు. ‘ఇంతేనా’ అని కొందరు బస్సు దగ్గరికి వచ్చేస్తారు కూడా.

ఇక్కడ చిన్న ప్రదర్శనశాల ఒకటుంది. అది సురేకారం గురించినది. సురేకారం అంటే తుపాకి మందులో ప్రధాన దినుసు. ఈ కొండ పల్లెల్లో దాన్ని ఇంట్లోనే తయారుచేసేవారు. పొయ్యి పక్కన నేల కింద గుంట తవ్వి, అందులో మట్టి, పట్టుపురుగుల పెంట, మాచిపత్రి జాతి మొక్కల ఆకులు పొరలు పొరలుగా పేర్చి, మధ్యమధ్య కలియదిప్పుతూ నాలుగైదేళ్లు పులియనిచ్చేవారు. తరువాత ఆ మట్టిలో నీళ్లు పోసి, దిగిన నీటిని కాచి ఉప్పులా తీసేవారు. ఎడో కాలంలో, అంటే 1603 నుంచి 1868 వరకు, గోకయామా కనజవను ఏలిన మయెదా ప్రభువుల ఆధీనంలో ఉండేది. వారికి కావలసిన సురేకారం ఇక్కడి నుంచే వెళ్లేది. అదే ప్రభువులు నేరస్థులను ఈ లోయకే వెలివేసి, పారిపోకుండా నదిపై వంతెన కట్టనివ్వలేదు. జనం తాడుకు వేలాడే బుట్టలో నది దాటేవారు. తరువాతి కాలంలో విదేశాల నుంచి చవక సురేకారం రావడంతో ఈ పని ఆగిపోయింది.

ఇప్పుడు ఆలోచించండి. అటకపై పట్టుపురుగులు, వాటి పెంట నేల కింద సురేకారం, పట్టు, సురేకారం, చేతి కాగితం అన్నీ బయటి అంగడికే. వరి పండించడానికి చోటు చాలని లోయ ఇలా బతికింది. కాబట్టి ‘కాలం ఆగిపోయిన పల్లె’ అని కరపత్రాల్లో కనిపించే మాట నా దృష్టిలో తప్పు. ఈ ఇళ్లు పనిచేసే కార్ఖానాలు. మీ బస్సు కనజవ నుంచి వచ్చిన దిశకు ఎదురుగా ఒకప్పుడు ఆ సరుకు నడిచి వెళ్లింది.

ఒగిమాచి: ఒక ఇంట్లోకి వెళ్లండి

మూడింటిలో పెద్దది ఒగిమాచి. బస్సు నది అవతల నిలుపుదల స్థలంలో ఆగుతుంది. అక్కడి నుంచి 107 మీటర్ల వేలాడే వంతెన మీదుగా ఊళ్లోకి నడవాలి. వంతెనకు ఇవతల బస్సులు ఆగే వైపునే ఒక ఆరుబయలు మ్యూజియం ఉంది. చుట్టుపక్కల పల్లెల నుంచి విప్పి తెచ్చి మళ్లీ నిలబెట్టిన గడ్డి ఇళ్లు అందులో ఉన్నాయి. కజురా అనే పల్లె జనం 1967లో మూకుమ్మడిగా ఊరు వదిలేశారు. వారి ఇళ్లలో కొన్ని ఇక్కడికి చేరాయి. చాలామంది మ్యూజియానికీ ఊరికీ తేడా గుర్తించరు. ఇవతల ఇళ్లలో మనుషులు ఉండరు, అవతల ఉంటారు. అవతలి పెరళ్లలో బట్టలు ఆరేసి ఉంటాయి.

గైడ్ ఇచ్చిన గంటన్నరలో అందరూ షిరొయామా గుట్ట ఎక్కి పైనుంచి ఫొటో తీసుకోవాలని చూస్తారు. ఆ దృశ్యం అందమైనదే. అయినా రెండిట్లో ఒకటే సాధ్యమైతే, గుట్ట మానుకుని సందర్శకులకు తెరిచిన ఇళ్లలో ఒకదానికి రుసుము చెల్లించి లోపలికి వెళ్లమని నా సలహా. వదా వంశపు ఇల్లు అలాంటిది. అది జాతీయ ముఖ్య సాంస్కృతిక ఆస్తి.

అటక మీదికి వెళ్లి కప్పును లోపలి నుంచి చూడండి. వాలు దాదాపు 60 డిగ్రీలు. మంచు మీటర్ల ఎత్తున పడే చోట కప్పు ఇంత నిటారుగా లేకపోతే బరువుకు కుంగిపోతుంది. కప్పులో మేకులు ఉండవు. వాసాలను గడ్డితాళ్లతో, ‘నెసో’ అనే పచ్చి కొమ్మలను మెలితిప్పిన కట్లతో బిగిస్తారు. కొమ్మ ఎండే కొద్దీ కట్టు బిగుసుకుంటుంది. పెద్ద వాసాల అడుగు కొసలను పెన్సిల్ మొనలా చెక్కి దూలంలోని గుంటల్లో ఊరికే నిలుపుతారు. గాలి వచ్చినా మంచు పడినా కప్పు కాస్త కదిలి సర్దుకుంటుంది. నేలమీది భాగాన్ని వడ్రంగులు కడతారు. కప్పు మాత్రం ఊరివాళ్ల పనే. కింద గుంటపొయ్యి పొగ పైకి ఎక్కి గడ్డిని పురుగు పట్టకుండా కాపాడుతుంది. ఇప్పుడు చాలా ఇళ్లలో పొయ్యి వెలిగించడం లేదు, దాంతో గడ్డి ఆయుష్షు తగ్గింది.

కప్పు ఎవరిది?

తాటాకు ఇల్లు రెండు మూడేళ్లకోసారి నేయించుకోవడం మన పెద్దలకు తెలిసిన పనే. రెల్లును పోలిన మందపాటి గడ్డితో వేసే గష్షో కప్పు సుమారు 30 నుంచి 40 ఏళ్లు నిలుస్తుంది. అయితే మార్చాల్సిన రోజు వస్తే ఒక కుటుంబానికి సాధ్యం కాదు. వంద, రెండు వందల మంది చేతులు కావాలి. ఇందుకోసం ఉన్న ఏర్పాటు పేరు ‘యుయి’. మీ ఇంటికి మేము, మా ఇంటికి మీరు అన్న బదులు పని. ఎవరు ఎన్ని మోపుల గడ్డి ఇచ్చారు, ఎన్ని రోజులు పనికి వచ్చారు అన్నది పుస్తకంలో రాసుకునేవారు. ముప్పై ఏళ్ల తరువాత ఆ బాకీ తీర్చాలి మరి! అంటే ఈ కప్పు నిలవాలంటే ముప్పై ఏళ్ల తరువాత కూడా ఆ ఊళ్లో మనుషులు ఉండాలి.

సమస్య అక్కడే వచ్చింది. 1961లో ఎగువన మిబొరో ఆనకట్ట పూర్తయి పల్లెలు మునిగాయి. యువకులు నగరాలకు వెళ్లారు. ఇళ్లు విప్పి అమ్మేశారు. అలా తరలిన ఒక ఇల్లు ఇప్పటికీ యొకోహమాలోని సంకెయ్-ఎన్ తోటలో ఉంది. ఈ పరిస్థితిలో 1971లో ఒగిమాచి ప్రజలు సంఘం పెట్టుకుని మూడు కట్టుబాట్లు చేసుకున్నారు: అమ్మం, అద్దెకివ్వం, పడగొట్టం. ప్రభుత్వం ఊరిని సంరక్షిత ప్రాంతంగా గుర్తించింది 1976లో, అంటే ఊరు నిర్ణయించుకున్న తరువాత. ఈ వరుస చాలా ముఖ్యం. ఇప్పుడు కప్పు మార్చే ఖర్చులో పెద్ద భాగం ప్రభుత్వాలు భరిస్తున్నాయి. పని చాలావరకు నిపుణ బృందాలే చేస్తున్నాయి. పూర్తి యుయి అరుదైపోయింది.

మీ ప్రగతిని సరిచూసుకోండి: షిరకవా గ్రామ పంచాయతీ మొత్తం జనాభా సుమారు 1,500. 2019లో అక్కడికి వచ్చినవారు 17 లక్షలకు పైనే. సగటున రోజుకు ఎంతమంది? ఆ సంఖ్యను జనాభాతో పోల్చి నాలుగు వాక్యాలు రాయండి.

లెక్క వేశారా? వచ్చినవారిలో ఎక్కువమంది మీలాగే పగటి బస్సులో వచ్చినవారు. వారి డబ్బు టికెట్టు అమ్మిన సంస్థకు ముందే చేరిపోయింది. ఊరికి చేరేది భోజనం, ప్రవేశ రుసుము, ఒకటో రెండో కొనుగోళ్లు. అందుకే యాత్ర ఎంచుకునేటప్పుడు మధ్యాహ్న భోజనం ఎక్కడ అని అడగండి. ఊళ్లోనే అయితే మంచిది. గోకయామాలో తాడుతో కట్టి మోసుకెళ్లగలిగేంత గట్టి టోఫు దొరుకుతుంది, తప్పక తినండి.

ఊరు కూడా చేతులు కట్టుకు కూర్చోలేదు. పగటివేళ పర్యాటక వాహనాలను ఊరి నడిమధ్యకు రానివ్వడం లేదు. చలికాలపు దీపాల ప్రదర్శనకు జనం విరగబడటంతో 2019 నుంచి ముందస్తు నమోదు తప్పనిసరి చేశారు. చెత్తబుట్టలు లేవు, మీ చెత్త మీరే తీసుకెళ్లాలి. మన పోచంపల్లి 2021లో ఐక్యరాజ్య సమితి పర్యాటక సంస్థ వారి ఉత్తమ పర్యాటక గ్రామాల జాబితాలో చేరింది, షిరకవా 2023లో చేరింది. పట్టుతో బతికిన ఊళ్లే రెండూ. జాబితాలో చేరాక ఏం జరుగుతుందో పోచంపల్లి వారు షిరకవాను చూసి తెలుసుకోవచ్చు.

సాయంత్రం బస్సుకు పదినిమిషాల ముందే వంతెన దాటండి. గైడ్ తలలు లెక్కపెట్టుకుంటారు, ఒక్కరు ఆలస్యమైనా నలభై మంది ఆగాలి. ఊళ్లో పొలాల గట్ల మీద, ఇళ్ల మధ్య చిన్న గడ్డి కప్పుల గూళ్లు మీరు చూసి ఉంటారు. వాటిలో నీటి ఫిరంగులు ఉన్నాయి. గడ్డి ఇంటికి నిప్పే పెద్ద శత్రువు. ఏటా శరదృతువు చివర వాటన్నిటినీ ఒకేసారి విప్పి పరీక్షిస్తారు. బస్సులన్నీ వెళ్లిపోయాక వంతు వచ్చిన ఇంటివారు వీధుల వెంట నిప్పు జాగ్రత్త అని హెచ్చరిస్తూ ఊరంతా తిరుగుతారు. అది ఒక రోజు యాత్ర సమయపట్టికలో ఉండదు.