ఒకే ఇల్లు, వేర్వేరు దుఃఖాలు

ఎదిగొచ్చిన బిడ్డ జబ్బుతో పోయిన ఇంట్లో చాలాసార్లు ఇలా జరుగుతుంది. పెద్దకర్మ కాగానే తండ్రి పనికి వెళ్లిపోతాడు. తల్లి మంచం దిగదు. నాయనమ్మ "నన్ను తీసుకుపోకపోయావా" అని దేవుణ్ని నిలదీస్తుంది. చెల్లెలు కన్నీరు పెట్టకుండా పుస్తకం ముందు కూర్చుంటుంది. కొన్నాళ్లకు 'ఈయనకి గుండె లేదా' అని తల్లికి, 'ఉన్న పిల్ల సంగతి పట్టదా' అని తండ్రికి కోపం మొదలవుతుంది.

నిజానికి ఎవరి ప్రేమా తక్కువ కాదు. మార్గరెట్ స్ట్రోబ్, హెంక్ షుట్ అనే పరిశోధకులు 1999లో దుఃఖం నడిచే తీరును వివరించారు. దుఃఖంలో ఉన్న మనిషి కాసేపు పోయినవాళ్లను తలచుకుని కుమిలిపోతాడు, కాసేపు మారిన బతుకును సర్దుకుంటాడు. ఆసుపత్రి అప్పు తీర్చడం, పొయ్యి వెలిగించడం ఈ రెండో కోవలోవి. మనిషికి రెండూ కావాలి. అయితే ఇంట్లో అందరూ ఒకేసారి ఏడవరు, ఒకేసారి తేరుకోరు. అపార్థాలు అక్కడే పుడతాయి.

జబ్బు మిగిల్చే మరో బాధ అపరాధభావం. 'ముందే పెద్దాసుపత్రికి తీసుకెళ్లి ఉంటే' అన్న ప్రశ్న ఎవరికి వారే లోపల దాచుకుంటారు. దాన్ని ఒకరితో ఒకరు పైకి చెప్పుకోవాలి. అవసరమైతే రిపోర్టులు పట్టుకుని వైద్యుణ్నే అడగాలి.

చిన్నపిల్లలకు "అన్న ఊరెళ్లాడు" అని చెబితే ఎదురుచూస్తారు. "నిద్రపోయాడు" అంటే పడుకోవడానికే భయపడతారు. జబ్బు వల్ల చనిపోయాడని, ఇక తిరిగి రాడని, అందులో నీ తప్పేమీ లేదని మెల్లగా, ఉన్నదున్నట్టు చెప్పాలి.

2022 నుంచి అమల్లో ఉన్న ప్రపంచ ఆరోగ్య సంస్థ వ్యాధుల వర్గీకరణ, ఆరు నెలలు దాటినా రోజువారీ బతుకును సాగనివ్వని తీవ్ర దుఃఖాన్ని చికిత్స అవసరమైన స్థితిగా గుర్తించింది. చచ్చిపోవాలన్న ఆలోచన వస్తే మాత్రం ఒక్క రోజు కూడా ఆగకూడదు. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలి మానస్ నంబరు 14416కు ఏ వేళనైనా ఉచితంగా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు.

బంధువులకూ ఒక మాట. పన్నెండో రోజు దాకా ఇల్లు జనంతో నిండి ఉంటుంది, ఆ తర్వాతే ఇంటివాళ్లు ఒంటరివాళ్లవుతారు. అప్పుడు వెళ్లండి. బిడ్డను పేరు పెట్టి తలచుకోండి. "అమ్మ ఎలా ఉంది?" అని చెల్లెల్ని అందరూ అడిగే ఉంటారు. మీరు "నువ్వెలా ఉన్నావమ్మా?" అని అడగండి.