తిరుమలగిరిలో సర్కారు పుట్టిన వరుస

ప్రభుత్వం ఎందుకు పుట్టింది? అర్థశాస్త్రంలో కౌటిల్యుడు ఒక జవాబు చెప్పాడు. పెద్దచేప చిన్నచేపను మింగే మత్స్యన్యాయంతో విసిగిన జనం మనువును రాజుగా ఎన్నుకుని, పంటలో ఆరో వంతు ఇస్తామన్నారట. 1651లో ఇంగ్లండ్ తత్వవేత్త థామస్ హాబ్స్ కూడా ఒప్పందంతోనే మొదలుపెట్టాడు: ప్రాణభయం పోవాలంటే అందరూ ఒక అధికారానికి లోబడక తప్పదన్నాడు. ఇద్దరి లెక్కలోనూ ముందు జనం ఒప్పుకోలు, ఆ తర్వాతే పాలన.

సికింద్రాబాద్‌లోని తిరుమలగిరి చరిత్రలో ఈ వరుస తలకిందులైంది. ఇక్కడ ముందు దిగింది సైన్యం. హైదరాబాద్ పాలకుడు నిజాం అలీఖాన్ 1798లో ఈస్టిండియా కంపెనీతో సైన్య సహకార ఒప్పందం చేసుకున్నాడు. హుస్సేన్‌సాగర్‌కు ఉత్తరాన వెలిసిన కంపెనీ దండుకు 1806లో అప్పటి నిజాం సికందర్ జా పేరిట సికింద్రాబాద్ అని పేరు పెట్టారు. ఆ పటాలాల ఖర్చు కింద 1800లోనే కడప, బళ్లారి, అనంతపురం సీమలు కంపెనీ పరమయ్యాయి. కాపలా ఒకచోట, శిస్తు మరోచోట. జనాన్ని అడిగినవారు లేరు.

1857 తిరుగుబాటు దరిమిలా తిరుమలగిరి శిబిరం చుట్టూ కందకం తవ్వారు. కందకం శత్రువును ఆపుతుంది కానీ కలరాను ఆపలేదు. భారత్‌లోని బ్రిటిష్ సైనికుల్లో ఏటా వెయ్యికి 69 మంది చనిపోతున్నారని 1863లో రాయల్ కమిషన్ తేల్చింది. ఎక్కువమందిని బలిగొన్నవి జబ్బులే. బారకాసులకు తిండి, పనివాళ్లు వచ్చేది పక్క బజారు నుంచే కదా! బజారు బాగుంటే తప్ప సైన్యం బాగుండదని తెలిసొచ్చింది. 1864 కంటోన్మెంట్ చట్టంతో పారిశుధ్యం సర్కారు పనైంది.

ఆ పనికి పన్నులు కావాలి. ఇక పన్ను కట్టేవాడు లెక్క అడగక మానడు. 1924 చట్టం కంటోన్మెంట్ బోర్డులో ఎన్నికైన సభ్యులకు చోటిచ్చింది. 2006 చట్టంతో వారికి సగం స్థానాలు దక్కాయి. అధ్యక్షుడు మాత్రం నేటికీ సైనికాధికారే. ప్రజాప్రతినిధికి దక్కేది ఉపాధ్యక్ష పదవి.

యుద్ధాల కోసం పన్నులు వేసిన ఐరోపా రాజులు, ఆ పన్నుల కోసమే ప్రజలతో బేరానికి దిగాల్సి వచ్చిందని చరిత్రకారుడు చార్లెస్ టిల్లీ వాదించాడు. తిరుమలగిరిలోనూ జనం మాటకు విలువ మెల్లగానే వచ్చింది, ఇంకా నిలదొక్కుకోలేదు. 2023 ఏప్రిల్ 30కి ప్రకటించిన బోర్డు ఎన్నికలను జరగకముందే రద్దు చేశారు. నీళ్లివ్వడం, వీధులు ఊడ్పించడం ఒక కమాండర్ వల్ల కూడా అవుతుంది. ముందు ఏ బస్తీకి అన్నది తేల్చే హక్కు ఎవరిదో నిర్ణయించడానికే ఎన్నిక కావాలి.